నా ఫైలు ఎవరు తెరిచారు?

ఫిన్లాండ్‌కు చెందిన ఒక నర్సు కేసులో యూరోపియన్ మానవ హక్కుల కోర్టు 2008 జూలై 17న ఇచ్చిన తీర్పును ఈ మధ్య మళ్లీ చదివాను. కోర్టు కాగితాల్లో ఆమె పేరు ఒక్క అక్షరమే, ‘ఐ’. ఆమె ఒక ప్రభుత్వాసుపత్రి కంటి విభాగంలో పనిచేసేది. అదే ఆసుపత్రిలోని అంటువ్యాధుల విభాగంలో హెచ్‌ఐవీకి చికిత్స తీసుకునేది. తన జబ్బు సంగతి తోటి ఉద్యోగులకు తెలిసిపోయిందని 1992లో ఆమెకు అనుమానం వచ్చింది. అప్పట్లో ఆ ఆసుపత్రి సిబ్బందిలో ఎవరైనా ఏ రోగి రికార్డునైనా తెరిచి చూడగలిగేవారు. ఆమె డాక్టరుకు చెప్పుకున్నాక, చికిత్స చేసే విభాగం వాళ్లకే రికార్డు కనిపించేలా మార్చారు. రిజిస్టరులో ఆమెకు మారుపేరు కూడా పెట్టారు. 1995లో ఆమె తాత్కాలిక ఉద్యోగాన్ని పొడిగించలేదు. 1996లో ఆమె ప్రాంతీయ పరిపాలనా మండలిని ఒక్కటే అడిగింది: నా రికార్డు ఎవరెవరు చూశారో తేల్చండి అని.

చెప్పలేమంది ఆసుపత్రి. చివరి ఐదుసార్లు ఎవరు చూశారన్నది మాత్రమే సిస్టమ్‌లో ఉంటుంది, అది కూడా మనిషి పేరు కాదు, విభాగం పేరు. ఫైలు ఆర్కైవ్‌కు తిరిగి వెళ్లగానే ఆ కాస్త సమాచారమూ చెరిగిపోతుంది. ఫిన్లాండ్ కోర్టులు ఆమె దగ్గర రుజువు లేదని కేసు కొట్టేశాయి. స్ట్రాస్‌బర్గ్‌లోని యూరోపియన్ మానవ హక్కుల కోర్టు దీన్ని ఒప్పుకోలేదు. ఎవరు చూశారో రాసిపెట్టుకోని తప్పు ఆసుపత్రిది, అలాంటప్పుడు రుజువు తెమ్మని ఆమెను అడగడం అన్యాయం అంది. ఆమె వ్యక్తిగత జీవిత హక్కుకు భంగం కలిగిందని తేల్చింది.

రోగుల గోప్యత గురించి చర్చ మొదలైతే మాట వెంటనే హ్యాకర్ల మీదికో, ఎన్‌క్రిప్షన్ మీదికో, అంగీకార పత్రం మీదికో పోతుంది. అవన్నీ కావలసినవే. కానీ ప్రభుత్వ వైద్యంలో అన్నిటికన్నా ముందు జరగాల్సింది వేరే ఉందని నా వాదన. రోగి ఫైలు తెరిచిన ప్రతిసారీ తెరిచిన మనిషి పేరుతో నమోదు కావాలి (ఈ నమోదునే లాగ్ అంటారు). ఆ నమోదును క్రమం తప్పకుండా ఎవరో ఒకరు చదవాలి. రోగి అడిగితే దాన్ని చూపించాలి. మొదటి రెండింటికీ ఆసుపత్రులు ఒప్పుకుంటాయి, కనీసం కాగితం మీద. మూడో దాని దగ్గరే బిగుసుకుపోతాయి. మూడోది లేకపోతే మొదటి రెండూ కొన్నాళ్లకు పేరుకు మాత్రమే మిగులుతాయి.

సంతకం పని గుమ్మం దాకానే

అంగీకార పత్రాన్ని నేను తీసిపారేయడం లేదు. పరిశోధనకు, బీమా కంపెనీకి, మరో ఆసుపత్రికి సమాచారం పంపాలంటే రోగి ఒప్పుకోవాల్సిందే. కానీ ప్రభుత్వాసుపత్రికి వచ్చేవాళ్లలో చాలామందికి వేరే దారి ఉండదు. కడుపునొప్పితో మెలికలు తిరుగుతున్న మనిషి రిజిస్ట్రేషన్ కౌంటరు దగ్గర నాలుగు పేజీలు చదివి, మూడో పేరా నచ్చలేదని వెనక్కి వెళ్లిపోడు. అక్కడ పెట్టే సంతకం చికిత్స కోసం పెట్టేదే తప్ప సమాచారం గురించి ఆలోచించి పెట్టేది కాదు.

ఆ సంతకం సమాచారాన్ని ఆసుపత్రి లోపలికి రానిస్తుంది. లోపలికి వచ్చాక ఏం జరుగుతుందో దానికి పట్టదు. నాలుగు రోజులు వార్డులో ఉన్న రోగి ఫైలును న్యాయంగా చూసేవాళ్లే ఎంతమందో లెక్కవేయండి. రిజిస్ట్రేషన్ గుమస్తా, క్యాజువాలిటీ డాక్టరు, మూడు షిఫ్టుల నర్సులు, హౌస్ సర్జన్లు, రౌండ్స్‌కు వచ్చే పెద్ద డాక్టర్లు, ల్యాబ్ టెక్నీషియన్, ఎక్స్‌రే విభాగం, ఫార్మసిస్టు, మత్తు డాక్టరు, డైటీషియన్, పథకం కింద క్లెయిమ్ పంపే ఉద్యోగి, మెడికల్ రికార్డ్స్‌లో జబ్బుకు కోడు వేసే ఉద్యోగి. ఇరవై, ముప్పై మంది తేలికగా అవుతారు. రోగి ఊహలో ఉన్నది తనతో మాట్లాడిన ఇద్దరు డాక్టర్లు మాత్రమే. ఈ ముప్పైమందిలో ఎవరూ తప్పు చేయకపోవచ్చు. ముప్పై ఒకటో మనిషి ఎవరన్నది తెలియాలంటే మాత్రం లెక్క ఉండాలి.

లాగ్‌లో ఏముండాలి

చాలా సాఫ్ట్‌వేర్లు మార్పులను నమోదు చేస్తాయి. ఎవరు మందు రాశారు, ఎవరు తేదీ దిద్దారు అన్నది దొరుకుతుంది. ఎవరు ఊరికే తెరిచి చూశారన్నది దొరకదు. గోప్యతకు కావలసింది ఆ రెండోది. పొరుగింటి అమ్మాయి గర్భపరీక్ష ఫలితం చూసిన మనిషి ఒక్క అక్షరం కూడా మార్చడు కదా.

కాబట్టి ప్రతి వీక్షణానికీ ఒక వరుస పడాలి: మనిషి ఐడీ, అప్పటి హోదా, విభాగం, ఏ కంప్యూటరు నుంచి, తేదీ, గంట, నిమిషం, సెకను, ఏ రోగిది, రికార్డులో ఏ భాగం, ఏం చేశారు. ‘ఏం చేశారు’ అన్నచోట చూడటం, ప్రింటు తీయడం, ఫైలుగా దించుకోవడం విడివిడిగా కనిపించాలి. తెర మీద చూసినదానికీ, పదివేల వరుసల ఎక్సెల్‌గా పెన్‌డ్రైవ్‌లోకి పోయినదానికీ తేడా తెలియాలి. రోగిని నంబరుతో వెతికారా, పేరుతో వెతికారా అన్నది కూడా ఉంటే చాలా మేలు. పని మీద చూసేవాళ్ల చేతిలో మామూలుగా ఓపీ నంబరు ఉంటుంది. కుతూహలం కొద్దీ చూసేవాళ్ల దగ్గర పేరు ఒక్కటే ఉంటుంది.

తరచూ మరిచిపోయేవి ఇంకో రెండు ఉన్నాయి. మొదటిది గడియారాలు. సర్వరు, ల్యాబ్ యంత్రం, వార్డు కంప్యూటరు మూడూ మూడు సమయాలు చూపిస్తే, లాగ్ చూసి ‘ఆ సమయానికి డ్యూటీలో ఎవరున్నారు’ అని డ్యూటీ చార్టుతో పోల్చడం కుదరదు. అన్నిటికీ ఒకే చోటి నుంచి సమయం అందాలి. రెండోది వెనక తలుపు. డేటాబేస్ నడిపే ఐటీ ఉద్యోగి సాఫ్ట్‌వేర్ తెరవకుండానే నేరుగా పట్టికలు చదవగలడు. అప్పుడు సాఫ్ట్‌వేర్ లాగ్‌లో ఏమీ పడదు. డేటాబేస్ స్థాయిలో కూడా నమోదు ఉండాలి, ఆ నమోదు అతను చెరపలేని వేరే సర్వరుకు ఎప్పటికప్పుడు చేరిపోవాలి.

ఎంతకాలం ఉంచాలి? భారతదేశంలో 2025 నవంబరులో వచ్చిన డిజిటల్ వ్యక్తిగత డేటా పరిరక్షణ నియమాలు లాగులు పెట్టాలని, పరిశీలించాలని, కనీసం ఏడాది భద్రపరచాలని చెబుతున్నాయి. ఏడాది చాలదని నా అభిప్రాయం. తన సంగతి బయటికి పొక్కిందని రోగికి తెలియడానికే ఒక్కోసారి రెండు మూడేళ్లు పడుతుంది, సంబంధం తప్పిపోయినప్పుడో, ఉద్యోగం పోయినప్పుడో. కేస్ షీటును ఎన్నేళ్లు ఉంచుతారో దాన్ని ఎవరు చూశారన్న లెక్కనూ అన్నేళ్లు ఉంచాలి. లాగ్ వరుస అంటే కొన్ని వందల అక్షరాలు. ఒక్క సీటీ స్కాన్ తినేసే జాగాలో లక్షల వరుసలు పడతాయి. జాగా లేదన్న సాకు చెల్లదు.

ఒకరి పాస్‌వర్డ్ అందరిదీ ఎందుకవుతుంది

ఇక్కడ కాస్త ఎక్కువసేపు ఆగాలి, ఎందుకంటే ఎంత గొప్ప లాగ్ అయినా ఇక్కడే చచ్చిపోతుంది. వార్డులో ఒకే కంప్యూటరు ఉంటుంది. ఉదయం ఎనిమిదికి డ్యూటీ మారుతుంది. మొదట వచ్చిన స్టాఫ్ నర్స్ లాగిన్ అవుతుంది. మధ్యాహ్నం రెండు దాకా అందరూ ఆమె పేరు మీదే పనిచేస్తారు. సాయంత్రం లాగ్ తీస్తే ఆమె ఒక్కతే ఆరు గంటల్లో మూడు వందల ఫైళ్లు చూసినట్టు ఉంటుంది. రేపు ఏదైనా బయటపడితే బలయ్యేది ఆమే.

దీన్ని క్రమశిక్షణ లోపం అని సర్క్యులర్ పంపేస్తే పని జరగదు. లెక్క చూడండి. లాగిన్‌కు 40 సెకన్లు పడుతుందనుకుందాం. షిఫ్టులో 90 సార్లు కంప్యూటరు ముందుకు రావాల్సిన వార్డులో అది సరిగ్గా గంట. నలభై మంది రోగులను ఇద్దరు చూసుకునే చోట ఆ గంటను ఎక్కడి నుంచి తేవాలి? దానికి తోడు పాస్‌వర్డ్‌లో పెద్దక్షరం, అంకె, గుర్తు ఉండాలి, నెలకోసారి మార్చాలి అంటారు. ఫలితంగా పాస్‌వర్డ్ రాసిన ప్లాస్టర్ ముక్క మానిటరు అంచుకు అతుక్కుంటుంది. ఊరికే గడువు పెట్టి మార్పించవద్దని, బయటపడిందన్న ఆధారం ఉంటేనే మార్పించమని అమెరికా ప్రమాణాల సంస్థ నిస్ట్ 2017లోనే చెప్పింది. ఆ పాత నిబంధన మాత్రం ఇంకా చాలాచోట్ల వేలాడుతోంది.

పని చేసే మార్గం ఏమిటంటే, ఐడీ కార్డు ఆనిస్తే రెండు మూడు సెకన్లలో ఆ మనిషి తెర తెరుచుకోవాలి, కార్డు తీస్తే మూసుకోవాలి, మళ్లీ ఆనిస్తే ఎక్కడ ఆగిందో అక్కడే మొదలవ్వాలి. షిఫ్టు మొదట్లో ఒక్కసారి పిన్ అడిగితే చాలు. కార్డు రీడర్లకు డబ్బు లేకపోతే, కనీసం ఒకరి సెషన్ మూయకుండా రెండోవారు చిన్న పిన్‌తో తమ పేరు మీదికి మారే వీలుండాలి. సాఫ్ట్‌వేర్ కొనేటప్పుడు టెండరులోనే ఈ ఒక్క వాక్యం రాయాలి: ఒకే కంప్యూటరు మీద ఒకరి నుంచి మరొకరికి మారడానికి పట్టే సమయం ఐదు సెకన్లకు మించకూడదు. ఇది గోప్యత నిబంధనే. ముప్పై పేజీల గోప్యతా విధానంలో ఈ వాక్యం ఉండదు, అందుకే ఆ విధానం వార్డు దాకా చేరదు.

రెండో కారణం ఐడీల ఆలస్యం. కొత్త హౌస్ సర్జన్ వార్డుకు వస్తాడు. ఐడీ కావాలంటే విభాగాధిపతి ఉత్తరం, సూపరింటెండెంట్ సంతకం, ఆపైన ఐటీ. అది వచ్చేసరికి అతని పోస్టింగే అయిపోతుంది. అందాకా సీనియర్ ఐడీతోనే నడుస్తుంది. ఇటు వెళ్లిపోయినవాళ్ల ఐడీలు ఎవరూ మూయరు. పోర్చుగల్‌లో బరేరో ఆసుపత్రికి 2018లో అక్కడి డేటా పరిరక్షణ సంస్థ 4 లక్షల యూరోల జరిమానా వేసింది. తనిఖీలో తేలిన ఒక సంగతి: ఆసుపత్రిలో ఉన్న డాక్టర్లు 296 మంది, సిస్టమ్‌లో పనిచేస్తున్న డాక్టరు ఐడీలు 985. ఇది పోర్చుగల్‌కే ప్రత్యేకమని నేననుకోను. ఏ ఆసుపత్రిలోనైనా జీతాల జాబితానూ ఐడీల జాబితానూ పక్కపక్కన పెట్టి చూస్తే సరిపోతుంది. ఒక మధ్యాహ్నం పని. జాయినింగ్ రిపోర్టు ఇచ్చిన రోజే ఐడీ తెరుచుకోవాలి, రిలీవింగ్ ఆర్డరు ఇచ్చిన రోజే మూసుకోవాలి. దాన్ని ఐటీ గది చేతిలో కాకుండా, ఉద్యోగుల వ్యవహారాలు చూసే ఎస్టాబ్లిష్‌మెంట్ సెక్షన్ చేతిలో పెడితేనే అది సాధ్యం.

మూడోది అత్యవసర తాళం. తనకు అనుమతి లేని ఫైలును ప్రాణాపాయం వేళ తెరవడానికి డాక్టరుకు ఒక బటన్ ఇస్తారు, నొక్కితే కారణం అడుగుతుంది, పై అధికారికి సమాచారం పోతుంది. మంచి ఏర్పాటే. కానీ మామూలు అనుమతులు మరీ బిగించి పెడితే ఆ బటన్ రోజువారీ పనిముట్టు అయిపోతుంది. కారణం అడిగిన గడిలో చుక్క పెట్టి ముందుకు పోతారు. ఒక వార్డులో రోజుకు పదిసార్లు ఆ బటన్ నొక్కుతున్నారంటే అనుమతులు తప్పుగా గీశారని అర్థం. వాటిని దిద్దాలి. అప్పుడే మిగిలిన ఒకటి రెండు సందర్భాలను మర్నాడే కూర్చుని పరిశీలించడానికి వీలవుతుంది.

లాగ్ చదివేదెవరు

నెదర్లాండ్స్‌లో హేగ్ నగరంలోని హాగా ఆసుపత్రిలో ఒక టీవీ ప్రముఖురాలి ఫైలును చికిత్సతో ఏ సంబంధమూ లేని పదుల మంది ఉద్యోగులు తెరిచి చూశారు. 2019లో ఆ ఆసుపత్రికి 4 లక్షల 60 వేల యూరోల జరిమానా పడింది. లాగ్ లేక కాదు, ఉన్న లాగ్‌ను సరిగా పరిశీలించడం లేదని నియంత్రణ సంస్థ తప్పుపట్టింది. లాగిన్‌లో రెండంచెల ధ్రువీకరణ (పాస్‌వర్డ్‌తో పాటు మరో రుజువు అడగడం) లేకపోవడం రెండో తప్పు.

ఓ మోస్తరు ఆసుపత్రిలో లాగ్ రోజుకు లక్ష వరుసలు దాటుతుంది. మనిషి కూర్చుని చదవలేడు. కొన్ని ప్రశ్నలు పెట్టి జల్లెడ పట్టాలి. చూసిన ఉద్యోగి, రోగి ఒకే ఇంటిపేరు, ఒకే చిరునామా లేదా ఒకే ఫోను నంబరు గలవారా? రోగి ఆసుపత్రి ఉద్యోగే అయి, చూసినవారు చికిత్స విభాగం బయటివారా? చూసిన విభాగంలో ఆ రోగికి ఆ వారంలో అపాయింట్‌మెంటు, అడ్మిషన్, పరీక్ష ఏదైనా ఉందా? డిశ్చార్జి అయిన నెల తర్వాత ఎందుకు తెరిచారు? ఊళ్లో వార్తగా మారిన కేసు అయితే ఆ రెండు రోజుల్లో ఎవరెవరు చూశారు?

మొదటి నెలలో ఈ జల్లెడ విపరీతంగా తప్పుడు అనుమానాలు తెస్తుంది. పక్క వార్డు నుంచి పిలిపించిన డాక్టరు, కోడు వేసే ఉద్యోగి, ఆడిట్ బృందం అందరూ తగులుతారు. ఒక ఇంటిపేరు ఊరంతా ఉన్న ప్రాంతంలో మొదటి ప్రశ్న ఏ పనికీ రాదు. ఇక్కడే చాలా ఆసుపత్రులు విసిగి వదిలేస్తాయి. వదలకుండా ప్రశ్నలను సరిచేసుకుంటూ పోతే జాబితా చేతికి వచ్చేంత చిన్నదవుతుంది. దాంతోపాటు వారానికి ఒక వార్డు నుంచి ఇరవై వరుసలు యాదృచ్ఛికంగా తీసి ‘ఇది ఎందుకు చూశారమ్మా’ అని మామూలుగా అడిగే పద్ధతి ఉండాలి. అడిగేది ఐటీ అధికారి కాకూడదు, వార్డు పని తెలిసిన నర్సింగ్ సూపరింటెండెంటో, రికార్డ్స్ అధికారో కావాలి. అడుగుతారన్న సంగతి తెలియడమే సగం పని చేస్తుంది.

దొంగల విషయంలోనూ ఇదే. సింగపూర్‌లో సింగ్‌హెల్త్ అనే ప్రభుత్వ ఆసుపత్రుల సంస్థ నుంచి 2018లో 15 లక్షల మంది రోగుల వివరాలు పోయాయి, అప్పటి ప్రధానమంత్రి లీ సియెన్ లూంగ్ వివరాలతో సహా. చివరికి దాన్ని పట్టింది, జూలై 4న డేటాబేస్‌లో మామూలుగా కనిపించని ప్రశ్నలు (సమాచారం బయటికి తీసే ఆదేశాలు) నడుస్తున్నాయని గమనించిన డేటాబేస్ నిర్వాహకులు. చూస్తున్న కన్ను ఒకటి ఉంది కాబట్టే అక్కడైనా ఆగింది.

రోగికి చూపించడం గురించి

ఆసుపత్రి లోపల లోపలే చూసుకుంటే చాలదా? చాలదు, ఎందుకంటే తేడా పట్టగలిగే జ్ఞానం రోగి దగ్గరే ఉంది. ‘కంటి విభాగంలో ఫలానా రోజు మీ ఫైలు తెరిచారు’ అన్న వరుస ఏ జల్లెడకూ తగలకపోవచ్చు. ఆ విభాగంలో తన ఆడపడుచు పనిచేస్తుందని రోగికి ఒక్కరికే తెలుసు.

ఇది గాలిలో మేడ కాదు. ఎస్టోనియాలో రోగులు తమ రికార్డును ఎవరు చూశారో ఆన్‌లైన్‌లో చూసుకుంటారు. డెన్మార్క్, నార్వే ప్రభుత్వ ఆరోగ్య పోర్టళ్లలోనూ ఆ వీలుంది. అమెరికాలో 2011లో ఆరోగ్య శాఖ ఇలాంటి హక్కునే ప్రతిపాదించింది, ఆసుపత్రుల నుంచి తీవ్ర వ్యతిరేకత వచ్చి అది అమల్లోకి రాలేదు. పైన చెప్పిన భారతీయ నియమాల్లో లాగ్ పెట్టమని ఉంది, రోగికి చూపించమని లేదు.

వ్యతిరేకించేవాళ్ల మాటల్లో మూడు నన్ను నిజంగా ఆలోచింపజేస్తాయి.

ముప్పై మంది చూశారని తెలిస్తే రోగి బెంబేలెత్తిపోతాడు, ఫిర్యాదులతో ఆసుపత్రి మునిగిపోతుంది అన్నది మొదటిది. ఇది కొంత నిజం. దానికి విరుగుడు రహస్యంగా ఉంచడం కాదు, వివరంగా చెప్పడం. ‘యూజర్ 4471, మాడ్యూల్ 12’ అని ఇస్తే ఎవరైనా బెంబేలెత్తుతారు. ‘ల్యాబ్ టెక్నీషియన్, రక్తపరీక్ష ఫలితం ఎక్కించడానికి’ అని ఉంటే చాలావరకు అక్కడితో సరి.

రెండోది సిబ్బంది భద్రత. ఇది తేలిక విషయం కాదు. వార్డుల్లో డాక్టర్ల మీద, నర్సుల మీద దాడులు జరుగుతున్న రోజుల్లో, రాత్రి డ్యూటీ నర్సు పూర్తి పేరు ప్రతివారి చేతికీ ఇవ్వమనడం నాకూ ఇబ్బందిగానే ఉంటుంది. 2023 జూన్ 22న యూరోపియన్ యూనియన్ న్యాయస్థానం ఫిన్లాండ్‌లోని ఒక బ్యాంకు కేసులో దీన్ని చూసింది. తన సమాచారాన్ని ఎప్పుడు, ఎందుకు చూశారో తెలుసుకునే హక్కు మనిషికి ఉందంది. సంస్థ ఆదేశాల మేరకు పనిచేసిన ఉద్యోగుల పేర్లు మాత్రం, తన హక్కుల కోసం తప్పనిసరి అయితేనే, అదీ ఉద్యోగుల హక్కులను కూడా లెక్కలోకి తీసుకునే ఇవ్వాలంది. నాకు ఇది ఆసుపత్రులకూ సరిపోయే గీతగా కనిపిస్తోంది. లోపలి నమోదులో పేరు కచ్చితంగా ఉండాలి. రోగికి వెంటనే ఇచ్చే కాగితంలో హోదా, సమయం, కారణం ఉంటే చాలు. ఏదైనా వరుస మీద రోగి అభ్యంతరం చెబితే, విచారణ చేసే అధికారి పేరు చూసి జవాబివ్వాలి. సంబంధం లేని వీక్షణం అని తేలితే పేరు దాచడానికి కారణం మిగలదు.

మూడోదే అన్నిటికన్నా కష్టం. లాగ్ కూడా ఒక ఆరోగ్య రికార్డే. ఇంట్లో అందరికీ ఒకటే ఫోను. ఆ ఫోను భర్త చేతిలోనో, అన్న చేతిలోనో ఉంటుంది. ‘మీ రికార్డును మానసిక వైద్య విభాగం చూసింది’ అని మెసేజ్ వస్తే, గోప్యత కాపాడటానికి పెట్టిన ఏర్పాటే గుట్టు విప్పేస్తుంది. గర్భస్రావం కోసం వచ్చినవారికి, ఇంట్లో దెబ్బలు తిని వచ్చినవారికి, పదహారేళ్ల పిల్లలకు ఇది ప్రాణం మీదికి తెచ్చే సంగతి. సున్నితమైన విభాగాలను మాత్రమే దాచిపెడితే ఖాళీగా ఉన్న గడే చాడీ చెబుతుంది. అందుకని మెసేజ్‌లు అసలు పంపకూడదు. రోగి స్వయంగా వచ్చి, గుర్తింపు చూపించి, రికార్డ్స్ కౌంటరులో అడిగితే ఇవ్వాలి. మొదటి కాగితంలో అన్ని విభాగాలనూ ఒకేలా ‘డాక్టరు, ఓపీ’, ‘నర్సు, వార్డు’ అనే రాయాలి. విభాగం వివరం కావాలంటే ఒంటరిగా కూర్చోబెట్టి చూపించాలి. దీనితో అన్ని ప్రమాదాలూ తీరిపోతాయని చెప్పను. బలవంతంగా వెంటబెట్టుకొచ్చి అడిగించే బంధువును ఏ కౌంటరూ పూర్తిగా ఆపలేదు.

లాగ్ అందని చోట్లు

కాగితానికీ లాగ్ పెట్టవచ్చు. మెడికల్ రికార్డ్స్ విభాగాల్లో పాత పద్ధతే ఉంది: అల్మరాలోంచి ఫైలు తీసినప్పుడు ఆ జాగాలో ట్రేసర్ కార్డు పెట్టాలి, ఎవరు, ఏ తేదీ, ఎందుకు, ఎప్పటికి తిరిగి ఇస్తారు అని రాసి. ఫైలు తిరిగి వచ్చాక కార్డును పారేయకుండా ఫైలు లోపలే ఉంచితే అదే చరిత్ర అవుతుంది. కొత్తగా కొనాల్సింది ఏమీ లేదు, అట్టముక్కలు తప్ప.

ఫోను కెమెరాకు మాత్రం లాగ్ లేదు. సీనియర్ సలహా కోసం ఎక్స్‌రే ఫొటో తీసి గ్రూపులో పెడతారు. ఉద్దేశం మంచిదే, చాలాసార్లు రోగికి మేలే జరుగుతుంది. కానీ ఫిల్ము మూలన పేరు, వయసు, ఓపీ నంబరు, తేదీ ముద్రించి ఉంటాయి. అది గ్రూపులోని ఎనభై మంది ఫోన్లలో, వాళ్ల ఫొటోల బ్యాకప్‌లో, ఇంట్లో పిల్లలు తిప్పే గ్యాలరీలో చేరుతుంది. నిషేధిస్తే దాచుకుని పంపుతారు. ఆసుపత్రే ఒక సాధనం ఇవ్వాలి: ఫొటో ఫోను గ్యాలరీలో పడకుండా నేరుగా రోగి రికార్డులోకి పోవాలి, సలహా ఇచ్చే డాక్టరు అక్కడే చూడాలి, ఆ చూపు కూడా నమోదు కావాలి. అంతవరకు మూలల్ని కత్తిరించి పంపడం కనీస మర్యాద. యంత్రం నుంచి వచ్చే అసలు డైకామ్ ఫైలు పంపితే మూలలు కత్తిరించినా లాభం లేదు, పేరు ఫైలు లోపల కూడా రాసి ఉంటుంది.

లండన్‌లో 56 డీన్ స్ట్రీట్ అనే లైంగిక ఆరోగ్య క్లినిక్ 2015 సెప్టెంబరులో హెచ్‌ఐవీ సేవలు వాడుకునేవారికి ఒక ఈమెయిల్ పంపింది. 781 మంది చిరునామాలను, ఒకరివి ఒకరికి కనిపించని బీసీసీ గడిలో పెట్టాల్సింది ‘టు’ గడిలో పెట్టారు. వాళ్లలో 730 మంది పూర్తి పేర్లు అందరికీ కనిపించాయి. జరిమానా 1 లక్షా 80 వేల పౌండ్లు పడింది. ఇంత పెద్ద నష్టానికి కారణం ఒక గడి. జాబితాలకు ఈమెయిల్ చేత్తో పంపే పనే ఉండకూడదు.

జాబితాల మాట వచ్చింది కాబట్టి: ప్రజారోగ్యంలో పై కార్యాలయాలు పేర్లతో కూడిన జాబితాలు అలవాటుగా అడుగుతాయి. జిల్లా సమీక్షకు కావలసింది లెక్కలే అయినా, పేరు, వయసు, ఊరు, ఫోను నంబరుతో ఎక్సెల్ పోతుంది. అక్కడి నుంచి అది ఎక్కడికి పోయిందో ఏ లాగ్‌కూ తెలియదు. కోవిడ్ కాలంలో ఇళ్ల తలుపుల మీద అంటించిన పోస్టర్లు దీనికి చివరి మెట్టు. సంబంధిత అధికారి ప్రత్యేక ఆదేశం ఉంటే తప్ప అలా అంటించకూడదని భారత సుప్రీంకోర్టు 2020 డిసెంబరులో చెప్పేసరికి చాలా ఇళ్లకు జరగాల్సిన నష్టం జరిగిపోయింది. లెక్కలు పంపేటప్పుడు కూడా, ఒక ఊళ్లో కేసులు ఒకటో రెండో ఉంటే అంకె వేయకుండా ‘ఐదు కన్నా తక్కువ’ అని రాయాలి. చిన్న ఊళ్లో ‘1’ అంటే పేరు చెప్పినట్టే.

దాచడమే మేలు కాదు

ఇంత రాశాక ఒకటి ఒప్పుకోవాలి. సమాచారం అందక పోయే ప్రాణాలూ ఉన్నాయి. పెన్సిలిన్ పడదన్న సంగతి ఒక విభాగానికి తెలిసి మరో విభాగానికి తెలియకపోతే ఏమవుతుందో డాక్టర్లకు చెప్పనక్కర్లేదు. ఇంగ్లండ్‌లో ఫియోనా కాల్డికాట్ కమిటీ 1997లో రోగి సమాచారానికి ఆరు సూత్రాలు పెట్టింది. 2013లో సమీక్షించినప్పుడు ఏడోది చేర్చారు: సమాచారాన్ని కాపాడే బాధ్యత ఎంత ముఖ్యమో, అవసరమైనచోట పంచుకునే బాధ్యత కూడా అంత ముఖ్యం కావచ్చు అని. భయంతో అన్నీ మూసేస్తున్నారని గమనించే ఆ మార్పు చేశారు.

నేను తలుపులు బిగించమనకుండా లాగ్ మీద ఇంత పట్టుబట్టడానికి కారణం కూడా ఇదే. ముందే అడ్డుకుంటే అర్ధరాత్రి క్యాజువాలిటీలో డాక్టరు చేతులు కట్టేసినట్టవుతుంది. తెరవనిచ్చి, తెరిచినట్టు రాసిపెట్టి, తర్వాత అడగగలిగితే రోగి చికిత్సకూ ఆటంకం లేదు, మానానికీ కాపలా ఉంటుంది. దీనికి ఒక హద్దు ఉంది: బయటపడిన గుట్టును లాగ్ వెనక్కి తేలేదు. అందుకే హెచ్‌ఐవీ, మానసిక వైద్యం, లైంగిక దాడి కేసుల రికార్డులకు ముందస్తు తాళం కూడా ఉండాలంటాను, అలర్జీలు, వాడుతున్న మందులు మాత్రం అందరికీ కనిపించేలా ఉంచి. అయితే మందుల పేర్లే జబ్బును చెప్పేస్తాయి. టెనోఫోవిర్, లామివుడిన్, డోలుటెగ్రావిర్ కలిసిన హెచ్‌ఐవీ మాత్ర పేరు చూస్తే ఏ ఫార్మసిస్టుకైనా విషయం అర్థమైపోతుంది. ఆ పేరు దాస్తే వేరే మందుతో పడకపోవడం పట్టుబడదు. ఇక్కడ చికిత్స భద్రత వైపే మొగ్గాలని నా నిర్ణయం, ఆ వీక్షణాలను మాత్రం జల్లెడలో ఎప్పుడూ పైవరుసలో ఉంచాలి.

మార్పు పైనుంచి వచ్చేదాకా ఆగనక్కర్లేదు. ఏ రోగైనా ఇవాళే ఆసుపత్రి సూపరింటెండెంటుకు ఒక పేజీ ఉత్తరం రాయవచ్చు. ఓపీ లేదా ఐపీ నంబరు వేయాలి. ఏ తేదీ నుంచి ఏ తేదీ దాకా కావాలో రాయాలి, ఆరు నెలలకు మించకుండా అడిగితే జవాబు వచ్చే అవకాశం ఎక్కువ. ఆ కాలంలో నా రికార్డు తెరిచిన ప్రతిసారీ హోదా, విభాగం, సమయం, కారణం ఇవ్వండి అని అడగాలి. ప్రింటు తీసినవి, బయటికి పంపినవి వేరుగా చూపమనాలి. విచారణ ముగిసేదాకా ఆ కాలపు లాగ్‌ను చెరపవద్దని విడిగా ఒక వాక్యం రాయాలి, ఇది అన్నిటికన్నా ముఖ్యం. ఉత్తరాలు తీసుకునే ఇన్‌వార్డు సెక్షన్‌లో ఇచ్చి, నకలు మీద ముద్ర, తేదీ వేయించుకోవాలి. ‘మా సాఫ్ట్‌వేర్‌లో ఆ వీలు లేదు’ అని నోటితో చెబితే ఊరుకోకుండా, అదే మాట కాగితం మీద ఇమ్మనాలి. ఆ కాగితం ఆసుపత్రిలో లాగ్ లేదనడానికి రాతపూర్వక ఒప్పుకోలు. ఫిర్యాదైనా, కోర్టైనా, వచ్చే ఏడాది సాఫ్ట్‌వేర్ టెండరైనా, దాన్నే ముందు పెట్టవచ్చు.